1,499 రూపాయలకు నాకు బైపోలార్ అంటగట్టారు: ఆన్‌లైన్ మూడ్ టెస్ట్ కొనేవాళ్లు జాగ్రత్త

రాత్రి పన్నెండున్నరకి నిద్ర పట్టక ఫోన్ తిప్పుతుంటే ఆ యాడ్ వచ్చింది. ‘మీది మామూలు దిగులా, మూడ్ డిజార్డరా? పది నిమిషాల్లో తేల్చుకోండి. డీఎస్ఎం-5 సర్టిఫైడ్ టెస్ట్.’ ధర 1,499 రూపాయలు. అప్పటికి నెలన్నరగా నా పరిస్థితి ఏం బాలేదు. అన్నం సయించదు, తెల్లవారుజామున మూడింటికే మెలకువ, ఆఫీసులో ఒకే మెయిల్ నాలుగుసార్లు చదివినా బుర్రకెక్కదు. శనివారం వస్తే తెనాలి బస్సెక్కేదాన్ని, అదీ మానేశాను. సైకియాట్రిస్ట్ దగ్గరికి వెళ్దామంటే తెలిసినవాళ్లెవరైనా చూస్తారేమోనని భయం. టెస్ట్ అయితే గదిలో కూర్చుని చేసుకోవచ్చు కదా అని కొనేశాను. మీరు కొనకండి.

కంపెనీ పేరు రాయడం లేదు, కంప్లయింట్ నడుస్తోంది. పేరు తెలిసినా పెద్ద లాభం లేదు, ఇదే సరుకు వేరే రంగులు పూసుకుని చాలాచోట్ల కనిపిస్తోంది.

మొత్తం 38 ప్రశ్నలు. పదకొండు నిమిషాల్లో అయిపోయాయి, పన్నెండో నిమిషంలో పీడీఎఫ్ వచ్చింది. పద్నాలుగు పేజీలు. మొదటి పేజీలో బండి స్పీడోమీటర్ లాంటి బొమ్మ, ముల్లు ఎర్ర రంగులో ఆగి ఉంది: ‘బైపోలార్ టైప్ 2, అవకాశం 82 శాతం’. బైపోలార్ అంటే కొన్నాళ్లు అతి హుషారు, కొన్నాళ్లు తీవ్రమైన దిగులు వచ్చే జబ్బు. తొమ్మిదో పేజీ నుంచి చివరిదాకా వాళ్ల ఆరు నెలల ప్లాన్ గురించే, 17,999. ఇక ఆ రాత్రి నిద్ర ఎక్కడిది? తెల్లారేదాకా బైపోలార్ గురించి వెతుకుతూనే ఉన్నాను. చదివిన ప్రతి లక్షణం నాకోసమే రాసినట్టు అనిపించింది.

మర్నాడు పదింటికల్లా ఫోన్. ‘సీనియర్ మైండ్ ఎక్స్‌పర్ట్’ అట. మీటింగ్‌లో ఉన్నానని కట్ చేస్తే సాయంత్రంలోపు ఇంకో మూడుసార్లు చేశాడు. నేను ఎత్తకపోయేసరికి మా నాన్నకి చేశాడు. టెస్ట్ మొదట్లో ఎమర్జెన్సీ కాంటాక్ట్ అడిగితే నాన్న నంబర్ ఇచ్చాను మరి. ‘సార్, మీ అమ్మాయికి బైపోలార్ ఉంది, ట్రీట్‌మెంట్ లేట్ చేయకూడదు’ అని చెప్పాడట. కూతురికి సంబంధాలు చూస్తున్న మనిషికి, ముక్కూమొహం తెలియనివాడు ఫోన్లో చెప్పే మాటా అది? అమ్మానాన్నలిద్దరూ ఆ రాత్రి బస్సుకే బయల్దేరి కొండాపూర్ వచ్చేశారు. నాన్న మొహం చూశాక, ఏదో ఒకటి చేస్తున్నానని చూపించడానికి ప్లాన్ మొదటి వాయిదా 3,000 కట్టేశాను. ఆ తొందరే వాళ్లకి కావలసింది.

ప్లాన్‌లో అరగంట కాల్ అన్నది పదిహేను నిమిషాలు. మొదటిసారి ఒకరు, రెండోసారి ఇంకొకరు, ఇద్దరికీ నా కథ మొదట్నుంచి చెప్పాలి. మీ రిజిస్ట్రేషన్ నంబర్ ఏంటండీ అని అడిగితే ‘మా టీమ్ అంతా సర్టిఫైడ్ మేడమ్’ అన్నారు. ఎవరు సర్టిఫై చేశారంటే జవాబు లేదు.

చివరికి నాన్నే పట్టుబట్టి ఎండీ సైకియాట్రీ చేసిన ఒక డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లారు. ఫీజు 800. నేను ఆ పద్నాలుగు పేజీలు ముందు పెడితే ఆవిడ మొదటి పేజీ చూసి పక్కన పెట్టేశారు. డీఎస్ఎం-5 అంటే మానసిక జబ్బులని ఎలా గుర్తించాలో చెబుతూ అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 2013లో తెచ్చిన పుస్తకమమ్మా, 2022లో దాన్ని సవరించారు, పుస్తకం ఎవరికీ సర్టిఫికెట్లు ఇవ్వదు అన్నారు. మన దగ్గర ఎక్కువగా వాడేది ప్రపంచ ఆరోగ్య సంస్థ చేసిన జబ్బుల వర్గీకరణ, ఐసీడీ. మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం, 2017లో కూడా ఆ పేరే ఉంది.

తర్వాత గంటకు పైగా ప్రశ్నలే. నేను ఎక్కడ మోసపోయానో నాకు అర్థమైంది అక్కడే.

‘ఎప్పుడైనా చాలా తక్కువ నిద్రతో హుషారుగా, గలగలా మాట్లాడుతూ, డబ్బు ఎక్కువ ఖర్చు పెడుతూ గడిపారా?’ అని టెస్ట్‌లో ఉంది. అవును అని నొక్కాను. ముందు ఏడాది అక్క పెళ్లిలో ఐదు రోజులు నేను అలాగే ఉన్నాను. డాక్టర్ గారు అదే విషయం ఇంకోలా అడిగారు: ‘నిద్ర అక్కర్లేకపోయిందా, నిద్రపోయే టైమ్ లేకపోయిందా?’ నేను ఆలోచిస్తుంటే అమ్మ అందుకుంది. ‘టైమెక్కడిదండీ, మండపంలో కుర్చీలోనే కునుకు తీసింది. అప్పగింతలయ్యాక ఇంటికొచ్చి పదహారు గంటలు లేవలేదు.’ డాక్టర్ గారు నవ్వారు. బైపోలార్‌లో వచ్చే అతి హుషారు దశ మేనియాలోనూ, దానికంటే తక్కువ స్థాయి హైపోమేనియాలోనూ మనిషి రెండు మూడు గంటలే పడుకుని కూడా అలసట లేకుండా లేస్తాడట. మేనియా అనాలంటే అలాంటి మార్పు కనీసం వారం, హైపోమేనియాకి వరసగా నాలుగు రోజులు, రోజులో ఎక్కువ భాగం ఉండాలి. అది తన మామూలు తీరు కాదని పక్కవాళ్లకి కూడా తెలియాలి. అందుకే ఇంట్లోవాళ్లని కూర్చోబెట్టి అడుగుతారు. గదిలో ఒంటరిగా ఫోన్ మీద టిక్కులు పెట్టేవాడికి అమ్మ ఎక్కడి నుంచి వస్తుంది?

బైపోలార్‌ని ఇలా వెనక్కి తవ్వి చూడటానికి కారణం ఉంది. డిప్రెషన్‌లో ఉన్న మనిషి, బైపోలార్ ఉండి ప్రస్తుతం దిగులు దశలో ఉన్న మనిషి ఆ రోజు చూస్తే ఒకేలా ఉంటారు. తేడా గతంలో ఉంటుంది. పాత మేనియా సంగతి అడగకుండా డిప్రెషన్ మందు ఒక్కటే ఇస్తే కొందరిలో మేనియా ఎగదన్నే ప్రమాదం ఉంది. లేని బైపోలార్ ఉందనుకుంటే ఇంకో తిప్పలు: లిథియం వాడేవాళ్లకి కిడ్నీ, థైరాయిడ్ పరీక్షలు చేయిస్తూనే ఉండాలి, వాల్‌ప్రోయేట్ అయితే కడుపులో బిడ్డకి హాని చేస్తుంది. పెళ్లీడు అమ్మాయి ఫైలులో ఆ మాట ఊరికే రాయకూడదు అన్నారావిడ.

రక్తపరీక్షలు కూడా రాశారు. థైరాయిడ్, హిమోగ్లోబిన్, బీ12. అవి డిప్రెషన్‌ని పట్టుకోవడానికి కాదు, దిగులు లాగే కనిపించే వేరే జబ్బు లేదని చూసుకోవడానికి. మూడ్ డిజార్డర్‌ని ఖాయం చేసే రక్తపరీక్షా లేదు, స్కానూ లేదు. (బ్రెయిన్ మ్యాపింగ్ పేరుతో వేలకు వేలు అడిగేవాళ్లకి కూడా ఇదే జవాబు.) స్టెరాయిడ్ మందులు వాడావా, మందు తాగుతావా, ఇంట్లో ఎవరికైనా ఇలా వచ్చిందా, ఈమధ్య దగ్గరివాళ్లెవరైనా పోయారా, అన్నీ అడిగారు.

మొత్తం అయ్యాక ఓపీ చీటీ మీద రాసింది ఒక్క ముక్క: ఎఫ్ 32.1. వంద ఫోన్ కాల్స్ చేసినవాళ్లు చెప్పలేనిది ఆ ఒక్క ముక్కలో ఉంది. ఐసీడీ పదో కూర్పులో ఎఫ్ 30 నుంచి 39 వరకు మూడ్ డిజార్డర్లు. 31 బైపోలార్. 32 అంటే డిప్రెషన్ మొదటిసారి వచ్చింది, 33 అంటే మళ్లీ మళ్లీ వస్తోంది. చుక్క తర్వాత ఒకటి అంటే మధ్యస్థం. పదకొండో కూర్పు 2022 జనవరి నుంచి అమల్లోకి వచ్చింది, అందులో కోడ్‌లు మారాయి కాబట్టి మీ చీటీ మీద వేరేలా ఉంటే కంగారు పడకండి.

ఇక ఆ 38 ప్రశ్నల్లో తొమ్మిది పీహెచ్‌క్యూ-9 అనే పాత ప్రశ్నపత్రంలోవి. గత రెండు వారాల్లో మనసు, నిద్ర, ఆకలి, ఓపిక ఎలా ఉన్నాయని అడిగి 27కి మార్కులేస్తారు. ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చు, నేను దానికి డబ్బులు కట్టాను. మార్కులు పది, ఆపైన వస్తే డాక్టర్‌ని కలవాలి అనుకోవడం వరకే దాని పని. ఐదారు లక్షణాలు ఉన్నా అవి దాదాపు రోజూ, రెండు వారాలకు తగ్గకుండా ఉన్నాయా, పనినీ ఇంటినీ ఎంత దెబ్బ తీశాయి, వేరే కారణం ఏదైనా ఉందా అని తేల్చేది మనిషే.

అన్నిటికంటే నాకు కోపం వచ్చింది తొమ్మిదో ప్రశ్న దగ్గర. చచ్చిపోతే బాగుండు అన్న ఆలోచన వస్తోందా అని. ‘కొన్ని రోజులు’ అని నొక్కాను, అది నిజం. స్క్రీన్ తర్వాతి ప్రశ్నకి వెళ్లింది. అంతే. ఆ తర్వాత అన్ని ఫోన్లు చేసినవాళ్లలో ఒక్కరూ ఆ జవాబు ఊసెత్తలేదు, ప్లాన్ గురించే. డాక్టర్ గారు మాత్రం అమ్మానాన్నల్ని బయటికి పంపి మొదట అడిగింది అదే, సూటిగా. మీకు అలాంటి ఆలోచన వస్తుంటే ఏ టెస్టూ కొనకండి, 14416కి ఫోన్ చేయండి. టెలి మానస్, ప్రభుత్వానిది, ఏ టైమ్‌లోనైనా ఎత్తుతారు, తెలుగులో మాట్లాడొచ్చు, పైసా అడగరు.

కొనేముందు ఒక్క పని చేయండి. ఎదుటి మనిషి రిజిస్ట్రేషన్ నంబర్ అడగండి. సైకియాట్రిస్ట్ అంటే ఎంబీబీఎస్ తర్వాత ఎండీ, డీఎన్‌బీ లేదా డీపీఎం చేసినవాళ్లు, మెడికల్ కౌన్సిల్ నంబర్ ఉంటుంది. టెలిమెడిసిన్‌కి 2020లో వచ్చిన నిబంధనల ప్రకారం ఆ నంబర్ చీటీ మీద, రసీదు మీద కూడా ఉండాలి. క్లినికల్ సైకాలజిస్ట్‌కి రీహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా నంబర్ ఉంటుంది, వాళ్లు మందులు రాయరు. ‘మైండ్ కోచ్’, ‘ఎక్స్‌పర్ట్’ లాంటివి ఎవరైనా పెట్టుకోగల పేర్లు. డబ్బు సమస్యైతే ఎర్రగడ్డ, విశాఖ ప్రభుత్వ మానసిక ఆసుపత్రులున్నాయి. ఎమర్జెన్సీ కాంటాక్ట్ గడిలో మాత్రం ఇంట్లోవాళ్ల నంబర్ ఇవ్వకండి.

ఇప్పటికే కట్టేసినవాళ్లు ముందు మీ యూపీఐ యాప్‌లో ఆటోపే రద్దు చేయండి. నాకు తెలియక రెండో 3,000 కూడా పోయింది. రీఫండ్ అడిగితే ‘రిపోర్ట్ డెలివర్ అయిపోయింది’ అన్నారు. నేషనల్ కన్స్యూమర్ హెల్ప్‌లైన్ 1915లో ఫిర్యాదు పెట్టాను. నాన్నకి చేసిన కాల్ వివరాలు, స్క్రీన్‌షాట్లు, పీడీఎఫ్ అన్నీ జత చేశాను. మనిషి మానసిక ఆరోగ్యం గురించిన సమాచారం గోప్యంగా ఉండాలని 2017 చట్టంలో ఉందని అందులో రాశాను. పది రోజులకి రెండో 3,000 వెనక్కి వచ్చింది. మిగిలిన 4,499 కోసం తిరుగుతున్నాను.

మందులు మొదలై రెండు నెలలైంది, నిద్ర పడుతోంది. నాన్న ఫోన్‌కి మాత్రం ఇంకా మెసేజ్‌లు ఆగలేదు. మొన్నటిది ‘ఫ్యామిలీ ప్యాక్, నలుగురికి టెస్ట్ 3,999’.