హన్మకొండలో ఒక చెస్ కోచింగ్ సెంటర్: ఆరు నెలల అనుభవం

మా అబ్బాయిని ఆరు నెలల కిందట హన్మకొండలోని ఒక చెస్ కోచింగ్ సెంటర్‌లో చేర్పించాము. రాయబోయే వాటిలో ఫిర్యాదులు కూడా ఉన్నాయి కనుక సెంటర్ పేరు చెప్పడం లేదు. వారానికి మూడు క్లాసులు, నెలకు 2,500 రూపాయల ఫీజు, మూడు నెలలది ఒకేసారి కట్టాలి.

మెట్ల దగ్గర గోడంతా పరుచుకున్న ఇరిగేశి అర్జున్ ఫ్లెక్సీ ముందుగా కనిపిస్తుంది. 2003లో వరంగల్‌లో పుట్టి, పదిహేనేళ్లు నిండకముందే 2018లో గ్రాండ్‌మాస్టర్ (చెస్‌లో అత్యున్నత హోదా, పొట్టిగా జీఎం) అయి, 2024 డిసెంబరు ఫిడే (ప్రపంచ చెస్ సమాఖ్య) జాబితాలో 2801 రేటింగ్‌తో (ఆట బలాన్ని చూపే అంకె) విశ్వనాథన్ ఆనంద్ తర్వాత 2800 దాటిన రెండో భారతీయుడిగా నిలిచిన మన ఊరి ఆటగాడి బొమ్మ పెట్టుకోవడంలో తప్పేమీ లేదు. అయితే దాని కింద ‘తర్వాతి గ్రాండ్‌మాస్టర్ మీ ఇంటి నుంచే’ అని రాసి, ఆ పక్కనే సెంటర్ ఫోన్ నంబరు వేశారు. ఆయన ఇక్కడ ఒక్క క్లాసు కూడా వినలేదన్న సంగతి మేము నేరుగా అడిగితే గానీ ఆఫీసులో చెప్పలేదు. జీఎం హోదాకు మూడు నార్మ్‌లు (టోర్నీలో నిర్ణీత స్థాయి ఆటకు దక్కే గుర్తింపులు), 2500 రేటింగ్ కావాలని, ఒక్కో నార్మ్‌కు గ్రాండ్‌మాస్టర్లు ఆడే టోర్నీలో దాదాపు 2600 స్థాయి ఆట చూపాలని తెలిసిన తల్లిదండ్రులు ఎంతమంది ఉంటారు? ఆ లెక్క చెప్పకుండా ఫీజు కట్టించుకోవడం నాకు నచ్చలేదు.

ఇంత విసుగుతోనూ మేము మానకపోవడానికి కారణం ఆదివారం క్లాసు. వారం మధ్యలో జరిగే క్లాసులు సాదాసీదాగా, పజిల్ కాగితాలతో గడిచిపోతాయి. ఆదివారం మాత్రం కోచ్ గారు ఒక గ్రాండ్‌మాస్టర్‌ను తీసుకుని, ఆయన ఎన్ని కప్పులు గెలిచారన్నది రెండు నిమిషాల్లో ముగించి, మిగిలిన గంటన్నర ఆయన ఆటలోని ఒక్క ఘట్టం మీదే పిల్లలను కూర్చోబెడతారు. తనకు ఏ టైటిల్ లేదని, రేటెడ్ ఆటగాడిని మాత్రమేనని మొదటి రోజే చెప్పిన మనిషి ఆయన.

నేను వెనక బెంచీలో కూర్చుని విన్న క్లాసు ఒకటి చెబుతాను. 2024 డిసెంబరు 12న సింగపూర్‌లో జరిగిన ప్రపంచ చాంపియన్‌షిప్ 14వ గేమ్, అప్పటికి స్కోరు 6.5–6.5. బోర్డు మీద ఇరువైపులా ఒక్కో ఏనుగు, ఒక్కో శకటు (పిల్లలకు ఇవి రూక్, బిషప్ అంటేనే తెలుస్తాయి), నల్లపావులతో ఆడుతున్న మన గుకేశ్‌కు రెండు బంట్లు, తెల్లపావులతో ఆడుతున్న అప్పటి చాంపియన్, చైనా ఆటగాడు డింగ్ లిరెన్‌కు ఒకటి. తెల్లపావుల ఎత్తు ఏమిటని అడిగితే పద్నాలుగు మందిలో తొమ్మిది మంది, మావాడితో సహా, ఏనుగులు మార్చుకుందామన్నారు. పావులు తగ్గితే డ్రా తేలిక అని వాళ్ల వాదన. డింగ్ కూడా 55వ ఎత్తులో ఏనుగును ఎఫ్2 గడికి తెచ్చి అదే చేశారని కోచ్ గారు చెప్పగానే పిల్లలు చప్పట్లు కొట్టారు. ఆ తర్వాత ఆయన ఏమీ మాట్లాడకుండా ఏనుగులు మార్చి, నల్ల శకటును డీ5లో పెట్టారు. డింగ్ శకటు ఏ8 మూలలో ఉంది, అక్కడి నుంచి దానికి ఉన్నది ఒకటే దారి, ఆ దారికే అడ్డంగా నల్ల శకటు వచ్చి కూర్చుంది. మార్పిడి తప్పదు. మార్చుకున్నాక మిగిలేది రాజులు, గుకేశ్‌కు ఒక బంటు ఎక్కువ. మరి రెండు ఎత్తులకు డింగ్ ఓటమి ఒప్పుకున్నారు, పద్దెనిమిదేళ్ల గుకేశ్ 7.5–6.5తో ప్రపంచ చాంపియన్ అయ్యాడు. ఆ బంట్ల ఆటను పిల్లలందరి చేతా రెండు వైపుల నుంచీ ఆడించారు. మావాడు తెల్లపావులతో నాలుగుసార్లు ఓడి, ఐదోసారి తనే వెళ్లి నల్లపావుల వైపు కూర్చున్నాడు. గుకేశ్ సన్నాహక బృందంలో మన గుంటూరు గ్రాండ్‌మాస్టర్ పెంటేల హరికృష్ణ కూడా ఉన్నారన్న మాట ఆ రోజే నా చెవిన పడింది.

అర్జున్ మీద జరిగిన క్లాసు ఇంకో తీరుగా సాగింది. అక్కడ కోచ్ గారు చెప్పింది రేటింగ్ లెక్క. 2750 ఉన్న ఆటగాడు 2450 వాడితో ఆడితే సగటున 0.85 పాయింటు రాబట్టాలి, డ్రా అయితే మూడున్నర రేటింగ్ పాయింట్లు పోతాయి, అందుకే అగ్రశ్రేణి వాళ్లు తక్కువ రేటింగ్ వాళ్లూ ఆడే ఓపెన్ టోర్నీల జోలికి పెద్దగా పోరు. 2023 బాకు ప్రపంచ కప్ క్వార్టర్‌ఫైనల్‌లో మరో భారతీయుడు ప్రజ్ఞానంద చేతిలో టైబ్రేక్‌లో (సమంగా నిలిచినప్పుడు ఆడించే అదనపు గేముల్లో) ఓడి ముందుకు వెళ్లలేకపోయిన అర్జున్, మరుసటి ఏడాది అలాంటి ఓపెన్ టోర్నీలలో కూడా ఆడుతూ పైకి వచ్చాడని, అదే ఏడాది బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో (దేశాల జట్ల పోటీ) భారత జట్టు మూడో బోర్డు మీద 11 గేముల్లో 10 పాయింట్లు సాధించాడని చెప్పారు. రేటింగ్ పోతుందేమోనని టోర్నీలకు పంపడానికి వెనుకాడే మాలాంటి తల్లిదండ్రులు వినవలసిన క్లాసు అది.

సదుపాయాల విషయానికి వస్తే ఫిర్యాదులే ఎక్కువ. పద్నాలుగు మందికి డిజిటల్ గడియారాలు మూడు, వాటిలో ఒకదానికి బ్యాటరీ మూత లేక టేపు అంటించారు. బోర్డులు బాగానే ఉన్నాయి. తల్లిదండ్రులు మెట్ల మీద కూర్చోవలసిందే.

చేరేటప్పుడు ఇచ్చే కరపత్రం గురించి చెప్పకుండా ఉండలేను. పదిహేనేళ్లకే 2002లో జీఎం అయిన కోనేరు హంపి 2019లో మాస్కోలో, 2024లో న్యూయార్క్‌లో గెలిచినవి మహిళల ప్రపంచ ర్యాపిడ్ (తక్కువ సమయంలో ఆడే చెస్) టైటిళ్లు, అసలు ప్రపంచ చాంపియన్‌షిప్ వేరు. కరపత్రంలో వాటిని ‘మహిళల ప్రపంచ చాంపియన్‌షిప్’ అని అచ్చు వేశారు. 2300 రేటింగ్‌తో వచ్చే మహిళా గ్రాండ్‌మాస్టర్ హోదాను, హంపి, 2011లో ద్రోణవల్లి హారిక సాధించిన పూర్తి జీఎం హోదాను ఒకే వరుసలో కలిపేశారు. ఆడపిల్లను చేర్పించే ఇంట్లో ఆ తేడా తెలియాలి కదా. ఈ సంగతి కోచ్ గారికి చూపిస్తే నొచ్చుకుని, నా చేతిలోని కాగితం మీద రెండు తప్పులనూ ఎర్ర పెన్నుతో దిద్ది ఇచ్చారు. పోయిన వారం మూడో విడత ఫీజు కట్టడానికి వెళ్లినప్పుడు కొత్త కట్ట విప్పి ఇంకో కరపత్రం చేతిలో పెట్టారు. రెండు తప్పులూ అలాగే ఉన్నాయి.