అరవై సీట్ల పబ్బు నుంచి డచెస్ థియేటర్ దాకా

2023 సెప్టెంబర్‌లో నాన్నా నేనూ లండన్‌లో ఆరు రోజులున్నాం. నాన్న ఉద్యోగం చేసుకుంటూనే ఇరవై ఏళ్లు పరిషత్తు నాటకాలాడిన మనిషి. అందుకని ఈసారి మ్యూజియంలు పక్కనబెట్టి ఒక నాటకం చుట్టూ తిరిగాం. దాని పేరు 'ది ప్లే దట్ గోస్ రాంగ్'. ఒక పాలిటెక్నిక్ నాటక సమాజం వాళ్లు 1920ల నాటి హత్య కథ ఒకటి ఆడుతుంటారు. అందులో తప్పగలిగినవన్నీ తప్పుతాయి. కథంతా ఇంతే.

ముందు బస సంగతి. మొదటి రెండు రాత్రులు కింగ్స్ క్రాస్ దగ్గర ఒక చిన్న హోటల్లో దిగాం. చోటు చాలా బాగుంది, ఎటు వెళ్లాలన్నా రైలుంది. కానీ లిఫ్ట్ లేదని బుకింగ్‌లో ఎక్కడా రాయలేదు. నాన్నకి మోకాళ్ల నొప్పులు, గదేమో మూడో అంతస్తులో. కింద గది అడిగితే ఖాళీ లేదన్నారు. ఆ రెండు రోజులూ నాకు మెట్ల టెన్షనే. మూడో రోజు రస్సెల్ స్క్వేర్ దగ్గరికి మారాం. రాత్రికి ముప్ఫై పౌండ్లు ఎక్కువైనా లిఫ్ట్ ఉంది, అడగకుండానే గదిలో కెటిల్ పెట్టారు. పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లు లిఫ్ట్ ఉందో లేదో మెయిల్ పెట్టి మరీ అడగండి.

కింగ్స్ క్రాస్ నుంచి నార్తర్న్ లైన్‌లో ఒక్క స్టేషన్ వెళ్తే ఏంజెల్. లండన్ అండర్‌గ్రౌండ్ మొత్తంలో పొడవైన ఎస్కలేటర్ ఉన్నది అక్కడే, అరవై మీటర్లుంటుంది. పైకొచ్చి కాస్త నడిస్తే ఓల్డ్ రెడ్ లయన్ పబ్బు. మేడ మీద అరవై మంది పట్టే నాటకశాల. 2012 డిసెంబర్‌లో ఈ నాటకం మొదట పడింది అక్కడే, 'ది మర్డర్ బిఫోర్ క్రిస్మస్' అనే పేరుతో. రాసినవాళ్లు ముగ్గురు: హెన్రీ లూయిస్, జొనాథన్ సేయర్, హెన్రీ షీల్డ్స్. లామ్డా నటన కళాశాలలో చదువుకున్న స్నేహితులు. మొదటి ఆటకి డబ్బిచ్చి వచ్చినవాళ్లు నలుగురేనట. ఆ మాట చెప్పగానే నాన్న మేడ మెట్ల వైపు చాలాసేపు చూశారు. "నలుగురున్నా మేకప్ అంతే వేసుకోవాలమ్మా" అన్నారు. మేం వెళ్లిన మధ్యాహ్నం పైన ఆట లేదు. చిప్స్ తిని, ఆరెంజ్ జ్యూస్ తాగి గంటసేపు కూర్చున్నాం. ఎవరూ లెమ్మనలేదు.

2013లో నాటకం వైట్‌హాల్ వీధిలోని ట్రఫాల్గర్ స్టూడియోస్‌కి వెళ్లింది. 1950ల నుంచి హాస్యనటుడు బ్రయన్ రిక్స్ ప్రహసనాలు ఏళ్ల తరబడి ఆడింది ఆ భవనంలోనే. బయటి నుంచి చూస్తే చాలు, పనిగట్టుకుని వెళ్లక్కర్లేదు. 2014లో ఊరూరా తిప్పడానికని గంట నాటకాన్ని రెండంకాలకి పెంచారు. అదే సెప్టెంబర్‌లో డచెస్ థియేటర్‌కి చేరింది. మేం వెళ్లేసరికి అక్కడ తొమ్మిదేళ్లు నిండాయి. మధ్యలో కోవిడ్ వల్ల ఆగిన కాలం మాత్రమే విరామం.

డచెస్ 1929లో కట్టింది. పక్క ఇళ్లకి వెలుతురు తగ్గకూడదని హాలుని వీధి మట్టం కంటే కిందికి దించారు. 1930లో ఇక్కడే ఒక సంగీత ప్రదర్శన మొదటి రాత్రి కూడా పూర్తికాకుండా మూతపడింది. రంగాలు మార్చడానికే బోలెడంత సమయం పట్టిందట. అలాంటి వేదిక మీద సెట్టింగు కూలడమే ప్రాణమైన నాటకం ఇన్నేళ్లుగా నడుస్తోంది.

లెస్టర్ స్క్వేర్‌లోని టీకేటీఎస్ కౌంటర్‌లో తగ్గింపు టిక్కెట్లు దొరుకుతాయి. మాకు ధర కంటే సీటు ముఖ్యం కాబట్టి ఉదయమే థియేటర్ కౌంటర్‌కి వెళ్లాం. మోకాళ్ల సంగతి చెబితే ఆ అమ్మాయి ఓపిగ్గా ప్లాన్ చూపించి స్టాల్స్‌లో, అంటే వేదిక ముందుండే కింది హాల్లో, నడవా పక్క సీటిచ్చింది. మెట్లు దిగేటప్పుడు సిబ్బందిలో ఒకతను నాన్న చెయ్యి పట్టుకున్నాడు. మొత్తం ప్రయాణంలో నాకు బాగా నచ్చిన సేవ ఇదే.

తెర తీసే టైముకి వెళ్తే సరిపోదు, పావుగంట ముందే కూర్చోండి. అప్పటికే రంగస్థల సిబ్బంది పాత్రల్లో నటులు ఊడిపోయే సామాన్లు బిగిస్తూ తిరుగుతుంటారు. ఇంగ్లిష్ వేగం నాన్నకి అందలేదు. అయినా ఒక నటుడు డైలాగు మర్చిపోయి వెనకటి డైలాగుకి వెళ్లినప్పుడల్లా సీను మళ్లీ మొదటికొచ్చే చోట ఆయన కళ్లల్లో నీళ్లొచ్చేలా నవ్వారు. ఎదుటి నటుడు అందించాల్సిన ఒక మాట జారితే వేదిక మీద మనిషి గుండె ఎలా కొట్టుకుంటుందో ఆయనకి తెలుసు. సెట్టింగులోని పై అంతస్తు ఒరిగినప్పుడు నా చెయ్యి గట్టిగా పట్టుకున్నారు. న్యూయార్క్‌లో ఆడినప్పుడు 2017లో ఈ సెట్టింగుకే దాని రూపకర్త నైజెల్ హుక్‌కి అమెరికా నాటకరంగ పురస్కారమైన టోనీ అవార్డొచ్చింది.

రస్సెల్ స్క్వేర్‌కి నెమ్మదిగా నడిచే వెళ్లాం, అరగంట పట్టింది. దారంతా నాన్న ఒకటే లెక్క: పడిపోయినవన్నీ మళ్లీ రేపటి ఆటకి నిలబెట్టాలంటే వెనక ఎంతమంది పనిచేయాలో.