డిశ్చార్జ్ తర్వాత 90 రోజులు: మా ఆయన ఇన్‌హేలర్లు, మా బీమా పాలసీ

మా ఆయనకు 71 ఏళ్లు. ఆస్తమా చాలా పాతది, మా పిల్లలు బడికి వెళ్లే రోజుల నుంచీ ఉంది. 2018లో, ఆయనకు ఇంకా 65 నిండకముందే ఒక ప్రైవేటు కంపెనీలో ఆరోగ్య బీమా తీసుకుని ఇప్పటిదాకా రెన్యూవల్ చేస్తూ వచ్చాం. అప్పట్లో 65 దాటితే చాలా కంపెనీలు కొత్తగా పాలసీ ఇచ్చేవి కావు, అందుకే తొందరపడ్డాం. కంపెనీ పేరు రాయడం లేదు. నేను చెప్పే విషయం చాలా కంపెనీల పాలసీ పుస్తకాల్లో ఉన్నదే.

ఈ పాలసీలో నాకు బాగా నచ్చింది ఒకే ఒక్క క్లాజు. ఆస్పత్రిలో చేరి ఇంటికొచ్చాక 90 రోజుల దాకా అదే జబ్బుకు వాడిన మందులు, పరీక్షలు, డాక్టరు ఫీజు బిల్లులు పెట్టుకోవచ్చు. కొన్ని పాలసీల్లో ఇది 60 రోజులే. ఆస్తమా ఉన్న పెద్దవాళ్లకు ఇది ఎంత విలువైనదో వాడి చూస్తే గానీ తెలియదు, ఎందుకంటే ఆరోగ్య బీమా డబ్బుతో ఇన్‌హేలర్ కొనగలిగేది దాదాపు ఆ మూడు నెలలే. మిగతా రోజుల్లో ఇంట్లో కూర్చుని పీల్చే మందుకు మామూలు పాలసీ ఏదీ పైసా ఇవ్వదు. ఓపీ ఖర్చులకు విడిగా ఒక రైడర్ (పాలసీకి అదనంగా కొనుక్కునే భాగం) ఉంటుందని ఏజెంటు చెప్పాడు కానీ, ఆయన వయసుకు అడిగిన అదనపు ప్రీమియం, వాళ్లిచ్చే పరిమితి దాదాపు ఒకటే. వద్దన్నాం.

ఖర్చు సంగతి చెప్తాను. ఆయన రోజూ వాడేది బ్యూడెసొనైడ్, ఫార్మోటెరాల్ కలిసిన ఇన్‌హేలర్. అందులో 120 పఫ్‌లుంటాయి. పొద్దున రెండు, రాత్రి రెండు, సరిగ్గా నెలకొకటి. మా ఊళ్లో బ్రాండుది నాలుగైదు వందల మధ్య పడుతుంది. ఆయాసం వచ్చినప్పుడు వాడే సాల్‌బ్యుటమాల్ వేరే, అది చవక. ఇక్కడే పెద్దవాళ్లు దెబ్బతింటున్నారు. రెండిట్లో చవకైనది, పీల్చగానే హాయిగా అనిపించేది అదే కాబట్టి దాంతోనే నెట్టుకొస్తారు. రోజూ వాడాల్సినదాన్ని "అలవాటైపోతుందమ్మా" అని పక్కన పెడతారు. ఊపిరి గొట్టాల లోపలి వాపును తగ్గించేది ఆ రోజూ వాడే మందే. పెద్దవాళ్లకు సాల్‌బ్యుటమాల్ ఒక్కదానితో ఆస్తమా వైద్యం చేయొద్దని 2019 నుంచి ప్రపంచ ఆస్తమా మార్గదర్శకాలు, జీఐఎన్ఏ అంటారు, స్పష్టంగా చెబుతూనే ఉన్నాయి. మా వీధిలో నెలకు నాలుగు వందలు మిగులుతాయని మానేసి, చలికాలం వచ్చేసరికి ఆస్పత్రిలో వేలు పోసినవాళ్లను చూశాను. చూసినప్పుడల్లా కడుపు తరుక్కుపోతుంది.

ఇక మా కథ. మేం ఉండేది ఒడిశాలోని పర్లాకిమిడి. ఊరు దాటితే పాతపట్నం, అంటే శ్రీకాకుళం జిల్లా. కాస్త పెద్ద జబ్బు చేస్తే విశాఖ పరుగెత్తడం మా వైపు మామూలే. ఆంధ్రా ఆరోగ్యశ్రీ మాలాంటి ఒడిశా వాళ్లకు వర్తించదు కాబట్టి, విశాఖ ఆస్పత్రుల్లో క్యాష్‌లెస్ ఉందా లేదా అన్నది చూసే పాలసీ తీసుకున్నాం. ఆస్తమా ఉందని ఫారంలో రాస్తుంటే ఏజెంటు "రాయకపోతే ప్రీమియం తగ్గుతుందండీ" అన్నాడు. నేను ఒప్పుకోలేదు, రాయించాను. ప్రీమియం పెంచారు, ఆస్తమాకు క్లెయిమ్ చేయాలంటే నాలుగేళ్లు ఆగాలన్నారు. ఆగాం. (ఇప్పుడు తీసుకునేవాళ్లకు 2024 నుంచి ఆ గడువు మూడేళ్లకు మించకూడదు. 65 దాటినవాళ్లకు పాలసీ ఇవ్వమనే పాత పద్ధతి కూడా అప్పుడే పోయింది.)

2023 డిసెంబరు, వరి నూర్పిళ్ల రోజులు. మా మరిది గారి కళ్లం దగ్గరికి వెళ్లి సాయంత్రం ఇంటికొచ్చేసరికే ఆయన మాట తెగిపోతోంది. రెండు ముక్కలనడం, ఆగి ఊపిరి తీసుకోవడం. స్పేసర్ (ఇన్‌హేలర్‌కు తగిలించే గొట్టం) పెట్టి పఫ్‌లిచ్చినా తగ్గలేదు. ఊళ్లో ఆస్పత్రికి తీసుకెళ్తే నెబులైజర్ పెట్టి ఆక్సిజన్ ఇచ్చారు, కాస్త కుదుటపడ్డాక మా అబ్బాయి ఉండే విశాఖకు తీసుకెళ్లి చేర్పించాం. అక్కడ క్యాష్‌లెస్ ఏ పేచీ లేకుండా జరిగింది. మా పాలసీలో నూటికి ఇరవై మా వాటా, అది కట్టి ఇంటికొచ్చాం.

అప్పటి నుంచీ 90 రోజుల బిల్లులు ఒక కవరులో వేస్తూ వచ్చాను. నెలకొక ఇన్‌హేలరు, మాత్రలు, రివ్యూ ఫీజు, పాతది పగిలిపోతే కొన్న కొత్త స్పేసరు. గడువు అయ్యాక అన్నీ కలిపి క్లెయిమ్ పంపాం. కొన్నాళ్లకు సెటిల్‌మెంట్ లెటర్ వచ్చింది. మాత్రలకు ఇచ్చారు, డాక్టరు ఫీజుకు ఇచ్చారు. ఇన్‌హేలర్ ఉన్న ప్రతి బిల్లుకూ ఎదురుగా "చెల్లించదగని వస్తువు" అని పెట్టి కొట్టేశారు. స్పేసరూ అంతే. మొత్తం రెండు వేలకు కొంచెం తక్కువ.

"పోనీలే అమ్మా, రెండు వేలకు ఎందుకు టెన్షన్?" అన్నాడు అబ్బాయి. నాకు మనసొప్పలేదు. ఆస్తమాతో ఆస్పత్రిలో చేరి వచ్చిన మనిషికి ఇన్‌హేలర్ కాక ఇంకేం మందు రాస్తారు? మాకు కొట్టేశారంటే ప్రతి ముసలాయనకూ ముసలమ్మకూ ఇలాగే కొట్టేస్తున్నారన్నమాట.

పాలసీ పుస్తకం చివరి పేజీలు తీశాను. చీమల్లాంటి అక్షరాలు, భూతద్దం పెట్టి చదివాను. అక్కడ కంపెనీ ఇవ్వనక్కర్లేని వస్తువుల జాబితా ఉంటుంది. బీమా కంపెనీలను నియంత్రించే ఐఆర్‌డీఏఐ చేసిన జాబితా కనుక అన్ని కంపెనీలదీ ఒకటే. మొదటి జాబితాలో 68 వస్తువులు. అందులో స్పేసర్ ఉంది, స్పైరోమీటర్ ఉంది, నెబులైజర్ కిట్ ఉంది, స్టీమ్ ఇన్‌హేలర్ ఉంది. మందు ఉన్న ఇన్‌హేలర్ మాత్రం ఎక్కడా లేదు.

కాల్ సెంటర్‌కు ఫోన్ చేశాను. ఆ అమ్మాయి హిందీలో ఓపిగ్గానే మాట్లాడింది. "మేడమ్, జాబితాలో ఇన్‌హేలర్ ఉంది కదా" అంది. "అది స్టీమ్ ఇన్‌హేలర్ అమ్మా, జలుబు చేస్తే ఆవిరి పట్టుకునేది. మా ఆయన పీల్చేది మందు. బిల్లు మీద బ్యాచ్ నంబరు, ఎక్స్‌పైరీ తేదీ ఉన్నాయి చూడు" అన్నాను. సిస్టమ్‌లో అలాగే చూపిస్తోందంది. ఇంకొక మాట కూడా చెప్పింది, అది పనికొచ్చింది: డిశ్చార్జ్ సమ్మరీలో మందు పేరు లేదట. తీసి చూస్తే నిజమే. మాత్రలన్నిటికీ పేరూ మోతాదూ రాసిన ఆస్పత్రి వాళ్లు వీటి దగ్గరికొచ్చేసరికి "కంటిన్యూ ఇన్‌హేలర్స్" అని ఒక్క ముక్క రాసి వదిలేశారు. క్లెయిమ్ చూసే మనిషికి ఆ ముక్క వల్ల అది మందో యంత్రమో తెలియలేదు.

అదృష్టం కొద్దీ రివ్యూలో డాక్టరు గారు రాసిన చీటీలో అన్నీ ఉన్నాయి: మందు పేరు, ఎన్ని మైక్రోగ్రాములు, పూటకు ఎన్ని పఫ్‌లు, ఎన్ని నెలలు. దాన్ని, డిశ్చార్జ్ సమ్మరీని, బిల్లుల్ని, ఖాళీ ఇన్‌హేలర్ డబ్బా మీది లేబుల్ ఫోటోని జతచేసి ఫిర్యాదులు చూసే కంపెనీ గ్రీవెన్స్ ఆఫీసరుకు అబ్బాయి చేత మెయిల్ పెట్టించాను. జాబితాలో ఉన్నది స్టీమ్ ఇన్‌హేలర్ అని, మేం కొన్నది డాక్టరు రాసిన మందు అని, కాదంటే మందు ఇన్‌హేలర్ ఏ వరుస సంఖ్యలో ఉందో చెప్పమని రాశాం. గ్రీవెన్స్‌కు కంపెనీ రెండు వారాల్లో జవాబివ్వాలన్నది రూలు. అప్పటికీ తేలకపోతే ఐఆర్‌డీఏఐ వారి బీమా భరోసా పోర్టల్, ఆ పైన బీమా ఫిర్యాదుల మీద తీర్పు చెప్పే బీమా అంబుడ్స్‌మన్. ఒడిశా వాళ్లకు ఆ ఆఫీసు భువనేశ్వర్‌లో ఉంది, ఫీజు ఉండదు, లాయరు అక్కర్లేదు. భువనేశ్వర్ దాకా రావడానికి సిద్ధమని మెయిల్ చివర రాయించాను కూడా.

అంత అవసరం రాలేదు. గడువులోపలే ఇన్‌హేలర్ల డబ్బు ఖాతాలో పడింది. ఆ రోజు నాకు కలిగిన సంతోషం ఆ సొమ్ముకు ఎన్నో రెట్లు.

స్పేసర్‌కు ఇవ్వలేదు, అది జాబితాలోనే ఉంది కనుక కంపెనీని అనడానికి లేదు. నా కోపం ఆ జాబితా మీద. మా ఆయనకు వేళ్ల కీళ్లనొప్పులు. ఇన్‌హేలర్ నొక్కడం, సరిగ్గా అదే క్షణంలో ఊపిరి లోపలికి లాగడం ఆయన వల్ల కాదు. నొక్కేలోపు పీల్చేస్తారు, లేదా పీల్చడం అయ్యాక నొక్కుతారు. మందంతా గొంతులోనే అంటుకుని బొంగురు పోతుంది, నోట్లో తెల్లపూత వస్తుంది. స్పేసర్ ఉంటే మందు ఆ గొట్టంలో నిలుస్తుంది, నెమ్మదిగా పీల్చుకోవచ్చు. తర్వాత నోరు పుక్కిలించి ఉమ్మేస్తే చాలు. పెద్దవాళ్లకు మందు ఊపిరితిత్తుల దాకా చేరాలంటే కావలసిన వస్తువు అది. దాన్ని ఆస్పత్రిలో ఇచ్చే మినరల్ వాటర్, లాండ్రీ ఖర్చులతో కలిపి ఒకే జాబితాలో పెట్టడం నాకు ఎప్పటికీ మింగుడుపడదు.

ఆ 90 రోజుల క్లాజును మొదట్లో అంత మెచ్చుకున్నాను కదా, దాని హద్దులు కూడా చెప్పాలి. మా ఇరవై శాతం వాటా దానికీ వర్తిస్తుంది, ఇన్‌హేలర్ల డబ్బులోనూ కోశారు. డిసెంబరులో చేరితే మార్చి మధ్యకల్లా గడువు అయిపోతుంది. సరిగ్గా అప్పుడే మా చుట్టుపక్కల కొండల మీద పోడు కాల్చే పొగ దిగుతుంది, ఆయనకు మందు ఎక్కువ కావలసిన రోజులవి. పైగా ఆ క్లాజు తెరుచుకోవాలంటే మనిషి ముందు మంచం ఎక్కాలి. ఇన్‌హేలర్ క్రమంగా వాడి ఆస్పత్రి మొహం చూడని ఏడాది మాకు ఈ పాలసీ వల్ల ఇన్‌హేలర్ల మీద ఒక్క రూపాయి రాలేదు. ప్రీమియం ముప్పై వేలు దాటింది, ఏడాది ఇన్‌హేలర్లు ఐదారు వేలు. 2025 సెప్టెంబరు 22 నుంచి వ్యక్తిగత ఆరోగ్య బీమా మీద 18 శాతం జీఎస్టీ ఎత్తేయడం పెద్ద ఊరట. 60 దాటినవాళ్ల ప్రీమియం ఏడాదికి పది శాతం మించి పెంచాలంటే ముందుగా ఐఆర్‌డీఏఐని సంప్రదించాలన్న నిబంధన కూడా 2025 జనవరిలో వచ్చింది.

ఇప్పుడు మా ఆయనకు ఆయుష్మాన్ వయ వందన కార్డు కూడా ఉంది. 70 నిండినవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఏడాదికి 5 లక్షల దాకా వైద్యం, ప్రైవేటు పాలసీ ఉన్నా తీసుకోవచ్చు. 2024 అక్టోబరులో దేశంలో మొదలైనప్పుడు ఒడిశా ఆ పథకంలో లేదు. పాతపట్నంలో మా వదిన గారికి వర్తించేది, ఊరు ఇవతల ఉన్న మాకు వర్తించేది కాదు. 2025 ఏప్రిల్‌లో ఇక్కడా మొదలయ్యాక చేయించాం. పథకంలో ఉన్న ఆస్పత్రి అయితే వేరే రాష్ట్రంలోనైనా చెల్లుతుంది, మా వాటా అంటూ ఏమీ ఉండదు. కాకపోతే డిశ్చార్జ్ తర్వాత మందులు 15 రోజులకే. ఆ లెక్కన మొదటి ఇన్‌హేలర్ సగమే ఖాళీ అవుతుంది.

మామూలు రోజుల్లో మాకు అన్నిటికన్నా అక్కరకొచ్చింది జన ఔషధి దుకాణం. అదే మందు బ్రాండు ధరలో సగంలోపే దొరుకుతుంది, స్టాకు ఉన్నప్పుడు. లేనప్పుడు బ్రాండుదే కొంటాం, ఆపడం మాత్రం లేదు. సర్కారు ఆస్పత్రిలో ఉచిత మందుల కౌంటరుంది, అక్కడ ఏ మందు ఉందో అడిగి చూడటంలో నామోషీ ఏమీ లేదు. ఎక్కడ కొన్నా పేషెంటు పేరుతో బిల్లు రాయించుకోండి. మా ఊరి మందుల షాపు అబ్బాయి మొదట్లో విసుక్కునేవాడు, ఇప్పుడు నన్ను చూడగానే పేరు రాసి ఇస్తున్నాడు. ఆస్పత్రి నుంచి బయలుదేరే ముందు డిశ్చార్జ్ కాగితంలో ఇన్‌హేలర్ పేరు, మోతాదు, ఎన్ని నెలలు అన్నది రాశారో లేదో నిలబడి చూసుకోండి. డ్యూటీ డాక్టరు మార్చి రాసివ్వడానికి ఐదు నిమిషాలు పట్టదు.

ఈ జూన్‌లో రెన్యూవల్ వస్తుంది, కడతాం. విశాఖలో మేం నమ్మిన డాక్టరు ఉన్న ఆస్పత్రి ఈ పాలసీ తీసుకుంటుంది, ఆయుష్మాన్ తీసుకోదు. ప్రీమియంలో సగం అబ్బాయి పెట్టుకుంటున్నాడు. అతని సాయం లేకపోతేనో, కార్డు తీసుకునే మంచి ఆస్పత్రి దగ్గర్లో ఉంటేనో మేం బహుశా ఆ ముప్పై వేలు బ్యాంకులో వేసుకుని అందులోంచి ఇన్‌హేలర్లు కొనుక్కునేవాళ్లం. 70 నిండనివాళ్లకు ఆ వెసులుబాటు లేదు, వాళ్లు పాలసీ వదులుకోకూడదనే నా ఉద్దేశం. కొత్తగా తీసుకునేవాళ్లు మాత్రం డిశ్చార్జ్ తర్వాత ఎన్ని రోజులిస్తారో, అందులో మీ వాటా ఎంతో, ఈ రెండూ ఏజెంటు నోటి మాటగా వినకుండా పుస్తకంలో చూసి సంతకం పెట్టండి.