సర్పగంధి: విత్తనమా, వేరు ముక్కా?

ఒడిశాలోని పర్లాకిమిడి చుట్టుపక్కల సర్పగంధిని మళ్లీ పెంచాలనుకునే మన తెలుగు రైతులు ముందుగా తేల్చుకోవలసింది ఇదే. ఈ చిన్న పొద అడవిలో అరుదైపోవడానికి కారణం దాని వేరు. 1952లో అందులోంచి రెసర్పిన్ అనే మందు పదార్థాన్ని వెలికితీశాక రక్తపోటు మందుగా గిరాకీ పెరిగింది. వేరు తవ్వితే మొక్క మిగలదు కదా!

వేరు ముక్కల పద్ధతి సులువు. రెండంగుళాల ముక్కలను తేమగల నేలలో పాతితే చిగురిస్తాయి, తల్లి మొక్క గుణం మారదు. అయితే పెరట్లో మొక్కలు లేకపోతే ఆ ముక్కల కోసం ఎవరో ఒకరు మళ్లీ అడవిలో గునపం దించాలి. పైగా అన్నీ ఒకే తల్లి పిల్లలైతే ఒక్క తెగులుకే అన్నీ లొంగిపోవచ్చు.

విత్తనానికి ఓపిక కావాలి. పండ్లు నల్లబడ్డాక కోసి, గుజ్జు కడిగి, గింజలను నీళ్లలో వేయాలి. తేలినవి చాలావరకు తాలు, మునిగినవి ఏరుకోవాలి. నిల్వ ఉంచేకొద్దీ మొలకశక్తి తగ్గుతుంది కాబట్టి తాజాగా ఉండగానే నారు పోయాలి. అప్పుడు కూడా సగం మొలవకపోవడం మామూలే. కానీ పండు కోస్తే మొక్క చావదు, ఏ రెండు మొలకలూ అచ్చంగా ఒకటి కావు.

అమ్మకానికి వేసే మడిలో, పెరటి మొక్కల నుంచి తీసిన వేరు ముక్కలు చాలు. 2022లో ఒడిశా ప్రభుత్వం జీవవైవిధ్య వారసత్వ ప్రదేశంగా ప్రకటించిన మహేంద్రగిరి వంటి కొండలకు మాత్రం నా ఓటు విత్తనానికే. అక్కడ గింజలు ఏరే ముందు అటవీశాఖ అనుమతి తీసుకోండి.