గద్దల కోసం కొన్న 8×42 బైనాక్యులర్: ఏడు చలికాలాల వాడకం తరువాత

2018 డిసెంబరులో కోఠీలోని ఒక దుకాణంలో 13,000 రూపాయలకు కొన్న 8×42 (ఎనిమిది రెట్లు పెద్దదిగా చూపే, ముందు కటకం 42 మిల్లీమీటర్లుండే) బైనాక్యులర్‌ను ఏడు చలికాలాలుగా వాడుతున్నాను. ఆదివారాలలో ఎక్కువ భాగం దానిని మెడలో వేసుకుని గండిపేట, హిమాయత్‌సాగర్ గట్ల మీదా, సంగారెడ్డి దగ్గరి మంజీరా జలాశయం ఒడ్డునా, వికారాబాద్ వైపు అనంతగిరి కొండలలోనూ గడిపాను. తయారీదారు పేరు చెప్పడం లేదు. నేను చెప్పబోయే గుణదోషాలు ఈ ధరలో దొరికే 8×42 బైనాక్యులర్లకు చాలావరకు వర్తిస్తాయి. పెద్ద గద్దలను చూడడానికే కొన్నాను కనుక ఆ పని ఎంతవరకు చేసిందన్న దాన్ని బట్టే తూచుతాను.

మొదట తేల్చుకోవలసింది ఎనిమిది రెట్లా, పది రెట్లా అన్నది. దుకాణదారు పది రెట్లదే కొనమన్నాడు. దూరాన ఎగిరే పక్షిని మరింత పెద్దదిగా చూపేదే మేలని నాకూ తోచింది. అయితే రెండింటినీ బయటికి తెచ్చి ఆకాశంలో తిరుగుతున్న మామూలు గద్దలను చూస్తే, పది రెట్ల దానిలో చేతి వణుకు కూడా పెద్దదై రెక్క చివరి ఈకలు విడివిడిగా కనిపించనే లేదు. ఎనిమిది రెట్ల దానిలో బొమ్మ చిన్నదే అయినా నిలకడగా ఉంది. పైగా నా దానిలో కిలోమీటరు దూరాన 129 మీటర్ల వెడల్పు కనిపిస్తుంది. గుట్ట అంచు నుంచి ఒక్కసారిగా లేచి సుడులు తిరుగుతూ పైకి పోయే పక్షిని వెతికి పట్టుకోవడానికి ఈ వెడల్పు ఎంత అవసరమో మొదటి నెలలోనే తెలిసింది. ఫోకస్ చక్రాన్ని మాటిమాటికీ తిప్పవలసిన అవసరం కూడా తక్కువ. నాకు కళ్లద్దాలున్నాయి, కంటికి ఆనే రబ్బరు అంచులను (ఐకప్పులను) లోపలికి తిప్పేస్తే అద్దాలతోనే దృశ్యం అంచుల వరకూ కనిపిస్తుంది.

మన వాడుకలో ఊరి మీద తిరిగేదీ గద్దే, కొండలలో కుందేళ్లను వేటాడేదీ గద్దే. ఆ పేరు కింద ఎన్ని జాతులున్నాయో నాకు చూపించింది ఈ పరికరమే. శీతకాలంలో వలస వచ్చే బూటెడ్ ఈగిల్ పరిమాణంలో ఊరి గద్ద అంతే ఉంటుంది. తోక చీలి ఉండకపోవడం, ఎదురుగా వచ్చేటప్పుడు మెడకూ రెక్కకూ మధ్య రెండు తెల్లని చుక్కలు దీపాల్లా కనిపించడం దాని గుర్తులు. పాములను తినే పొట్టివేళ్ల గద్ద గాలిలో ఒకేచోట రెక్కలాడిస్తూ నిలిచి కిందికి చూస్తుంది. ముదురు రంగు తల, లేత రంగు పొట్ట మధ్య గీసినట్టుండే హద్దు ఉదయపు వెలుగులో స్పష్టంగా తెలుస్తుంది. మంజీరా మీద చేపల కోసం నీటిలోకి దూకే ఆస్ప్రేను మొదటిసారి పూర్తిగా, దూకడం నుంచి చేపను కాళ్లలో ముందుకు తిప్పి పట్టుకుని ఎగిరిపోవడం వరకూ, దృష్టి తప్పకుండా చూడగలిగిన రోజున పెట్టిన డబ్బుకు ఇక చింత లేదనిపించింది.

ఇక లోపాలు. పెద్ద గద్దలు నేల వేడెక్కి గాలి పైకి లేవడం మొదలయ్యాకే ఎగురుతాయి. మన ప్రాంతంలో అది దాదాపు తొమ్మిది, పది గంటల వేళ. అప్పటికి ఆకాశం తెల్లగా మెరుస్తూ ఉంటుంది. ఆ వెలుగు మీద ముదురు రంగు పక్షిని చూసినప్పుడు రెక్క అంచుల వెంట ఊదా, ఆకుపచ్చ రంగుల సన్నని గీతలు కనిపిస్తాయి. అవి పక్షి రంగులు కావు, గాజు తెచ్చిపెట్టేవి. చెట్ల మీది చిన్న పిట్టలను చూసేవారికి ఇది పట్టించుకోనక్కరలేని లోపమే కావచ్చు. కానీ రెక్క అంచు రంగును బట్టే జాతినీ వయసునూ నిర్ణయించే మాకు ఇది నిజమైన ఆటంకం. రంగులను తక్కువగా విడదీసే ఈడీ గాజు ఉన్నవాటిలో ఇది బాగా తగ్గుతుంది, ధర మాత్రం పెరుగుతుంది. మరొక హెచ్చరిక: తిరుగుతున్న గద్ద సూర్యుడి వైపు పోతుంటే దాని వెంట పోకుండా బైనాక్యులర్‌ను వెంటనే దించేయాలి. కన్ను శాశ్వతంగా దెబ్బతినడానికి ఒక్క క్షణం చాలు.

కూర్చున్న పక్షి విషయంలో ఎనిమిది రెట్లు సరిపోని సందర్భం ఒకటుంది. స్టెప్ ఈగిల్‌కు నోటి మూలనుండే పసుపు గీత కంటి వెనుక అంచు దాకా సాగుతుంది. టానీ ఈగిల్‌కు కంటి మధ్యలోనే ఆగిపోతుంది. రెండు వందల మీటర్ల దూరాన ఆ తేడాను ఈ పరికరం చూపలేదు, దానికి మూడుకాళ్ల స్టాండు మీద స్పాటింగ్ స్కోప్ అనే ఎక్కువ రెట్ల దూరదర్శిని కావాలి. ఇది తెలియక తొలి సంవత్సరాలలో నేను రెండు పక్షులను స్టెప్ ఈగిల్స్‌గా రాసుకుని, తరువాత ఆ నమోదులను కొట్టివేశాను. స్టెప్ ఈగిల్ ప్రపంచవ్యాప్తంగా అంతరించే ప్రమాదమున్న జాతుల జాబితాలో ఉంది. రాబందులను చంపిన, పశువులకిచ్చే నొప్పి మందు డైక్లోఫెనాక్ రాజస్థాన్‌లో చనిపోయిన స్టెప్ ఈగిల్స్ దేహాలలో కూడా దొరికింది. పశువైద్యంలో 2006లోనే నిషేధించిన మందు అది. అటువంటి పక్షి లెక్కలో ఊహతో ఒక అంకె చేర్చడం నాకు సమ్మతం కాదు. అనుమానమున్న చోట ఇప్పుడు “పెద్ద గద్ద, జాతి తెలియదు” అనే రాస్తున్నాను.

ఈ బైనాక్యులర్ చేసిన అతి పెద్ద మేలు నన్ను దూరంగా ఉంచడం. ఎక్కడో చెప్పదలచుకోని ఒక గుట్టపై బొనెల్లీ గద్దల జంట రాతి అంచున గూడు కట్టుకుంది. మూడు చలికాలాలు ఎదుటి గట్టు మీద, సుమారు మూడు వందల మీటర్ల దూరంలో, తుమ్మచెట్టు నీడన కూర్చుని చూశాను. అక్కడి నుంచే పొదగడంలో మార్పులూ, మగపక్షి ఆహారం తెచ్చే వేళలూ, పిల్ల రెక్కలు ఆడించడం మొదలుపెట్టిన రోజూ రాసుకోగలిగాను. మూడవ సంవత్సరం ఫిబ్రవరిలో కెమెరాలతో వచ్చిన కొందరు గూటి కిందికే వెళ్లారు. ఆడపక్షి లేచి దాదాపు గంటసేపు తిరుగుతూనే ఉంది. పిల్ల ఎండలో నోరు తెరుచుకుని ఉండడం నాకు కనిపిస్తూనే ఉంది. నేను దిగి వెళ్లి వారిని బతిమాలాను, వారు వెనక్కి వచ్చారు, పక్షి గూటికి చేరింది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం గురించి ఆ రోజు నేనేమీ చెప్పలేదు. పిల్లను నా బైనాక్యులర్‌లో వారికి చూపించాను, అంతే. హైదరాబాద్ చుట్టుపక్కల గ్రానైట్ గుట్టలు క్వారీలకు పోతుంటే ఇటువంటి రాతి అంచులు ఏటేటా తగ్గుతున్నాయి. మిగిలిన చోట్ల ఆచూకీ బయటపెట్టకపోవడం చూసేవారి బాధ్యత.

ఊళ్లోనూ ఇది పనికి వచ్చింది. సంక్రాంతి ముగిశాక మెహదీపట్నంలో ఒక చెట్టుకొమ్మకు నైలాన్ మాంజాతో గద్ద వేలాడుతుంటే, దారం ఎడమ రెక్క మొదట్లో చుట్టుకుందని కింద నుంచే చూసి, నిచ్చెన ఎక్కిన మనిషికి చెప్పగలిగాను. ఆ మాంజాను జాతీయ హరిత ట్రిబ్యునల్ 2017లోనే దేశమంతటా నిషేధించింది.

మన్నిక సంగతి ముక్తసరిగా చెబుతాను. 2021 వానాకాలంలో కుడివైపు కటకం అంచున సాలెగూడు వంటి బూజు కనిపించింది. అప్పటి నుంచి జూన్ మొదలు అక్టోబరు వరకు గాలి చొరబడని స్టీలు డబ్బాలో సిలికా జెల్‌తో పెడుతున్నాను. బూజు మళ్లీ పెరగలేదు. మరుసటి సంవత్సరం అనంతగిరిలో బండ మీద పడి రెండు గొట్టాల వరుస తప్పింది. దూరపు కరెంటు తీగ రెండుగా కనిపించడం, పది నిమిషాలకే తలనొప్పి రావడం దాని లక్షణాలు. ఒక సర్వీసు కేంద్రం రెండు నెలలు ఉంచుకుని సరిచేయకుండానే తిరిగి ఇచ్చింది. తరువాత గడియారాలూ కెమెరాలూ బాగుచేసే ఒక ముసలాయన రెండు రోజులలో సరిచేశారు. మెడకు వేసే పట్టీని తీసేసి, భుజాల మీదుగా వచ్చే జీను వంటి పట్టీ వేసుకున్నాక మళ్లీ కింద పడలేదు, మెడనొప్పి కూడా పోయింది. దుమ్మును ముందు గాలితో ఊది, ఆ తరువాతే మెత్తని గుడ్డతో తుడవాలి. మన రాతి దుమ్ము పూతను గీకేస్తుంది. నా ఎడమ కటకం మీది గీతలు అలా వచ్చినవే.

ఫోకస్ చక్రం ఇప్పుడు చలి ఉదయాలలో కొంచెం బిగుస్తోంది. వచ్చే చలికాలానికి ఈడీ గాజున్న మరొక 8×42 కొనాలని డబ్బు దాస్తున్నాను. పాతదాన్ని తొమ్మిదో తరగతి చదువుతున్న మా మేనకోడలు అడిగింది. మంజీరాకు నాతో రెండుసార్లు వచ్చి, నేను చెప్పకముందే ఆస్ప్రేను గుర్తుపట్టింది.