మాటకి నడక మార్చే గుర్రం: రెండేళ్లు నేర్పాక నా అభిప్రాయం

బెంగళూరు దగ్గర యలహంక అవతల ఒక చిన్న రైడింగ్ స్కూల్లో నేనూ మా అమ్మాయీ స్వారీ నేర్చుకుంటున్నాం. మాకిచ్చిన చందూ రేసులు మానేసిన థరోబ్రెడ్, అంటే రేసుల జాతి గుర్రం. పగ్గం లాగితే ఆగుతుందనుకుంటాం కదా, రేసుల్లో పెరిగిన గుర్రం దాని మీద ఆనుకుని ఇంకా జోరు పెంచుతుంది. కొత్తవాళ్లేమో భయం వేయగానే పగ్గం లాగి, కాళ్లతో పొట్ట బిగిస్తారు, అదీ వాడికి 'కదులు' అన్నట్టే. అందుకే వాడికి మాటతో నడక మార్చడం నేర్పుదామనుకున్నాం.

దాదాపు 8 మీటర్ల తాడు ముక్కుపట్టీకి కట్టి, మధ్యలో నిలబడి గుండ్రంగా తిప్పాలి. తాడు కళ్ళెం కడ్డీకి కట్టకండి, నోరు నొప్పి పుడుతుంది. నైలాన్ తాడు అసలే వద్దు. ఒక్కసారి చందూ గుంజితే నా అరచెయ్యి కాలిపోయింది. నూలు తాడు, చేతికి గ్లవ్స్ తప్పనిసరి.

అసలు కీలకం వరసలో ఉంది. "ట్రా...ట్" (నడక కన్నా వేగమైన చిన్న పరుగు) అని గొంతు పైకి లేపి అనాలి, ఒక్క క్షణం ఆగాలి, కదలకపోతేనే కొరడా వెనక్కాళ్ల వైపు చూపాలి. కదిలిన మరుక్షణం దించెయ్యాలి. మొదటి నెల రెండూ ఒకేసారి చేశాను. వాడు కొరడానే చూశాడు, మాట చెవికెక్కించుకోలేదు. వరస సరిచేశాక రెండు వారాల్లో మాటకే అడుగు మారింది.

ఇంకో పొరపాటు నా తెలుగుతో వచ్చింది. కదలడానికి "సాగు", నిలబడడానికి "ఆగు" అనేదాన్ని. పాపం వాడు సగం దూరం వెళ్లి నా మొహం చూసేవాడు. హిందూపురం నుంచి వచ్చిన, గుర్రాల్ని చూసుకునే సాయీసన్న చెప్పాడు: "అమ్మా, రెండూ ఒకే మాదిరి ఇనిపిస్తాండాయి, దానికేం తెలుస్తాది?" ఆ రోజు నుంచి ఆగడానికి "హో..." అని కిందికి దించి సాగదీస్తున్నాం.

క్యాంటర్‌కి (ట్రాట్ కన్నా జోరైన దౌడు) నాలుగు నెలలు పట్టింది. చిన్న చుట్టులో వాడికి తూకం కుదరలేదు, ఇంకా పెద్ద చుట్టు కావాల్సి వచ్చింది. రోజుకి 20 నిమిషాలకి మించి తిప్పం, కీళ్ల మీద భారం పడుతుంది.

ఈ పద్ధతిలో పెద్ద లోపం ఒకటుంది. గుర్రం మాట వింటుంది గానీ, ఎవరి మాటైనా వింటుంది. ఓ రోజు పక్క క్లాసు టీచరు "ట్రాట్" అని అరవగానే మా అమ్మాయి కింద చందూ బయల్దేరాడు. రికాబు జారింది, జూలు పట్టుకుని నిలదొక్కుకుంది. నా గుండె ఆగినంత పనైంది. 2018 ఆసియా క్రీడల్లో గుర్రపు స్వారీలో వెండి పతకం గెలిచిన ఫవాద్ మీర్జా బెంగళూరువాడే. ఆయన ఆడే, మూడు దశలుండే స్వారీ పోటీ ఈవెంటింగ్‌లో గుర్రం నడకల పొందిక చూసే డ్రెస్సాజ్ దశలో గొంతు వాడితే మార్కులు కోస్తారు. చివరికి గుర్రం వినాల్సింది మీద కూర్చున్నవాళ్ల ఒంటినే.

దానికీ అదే వరస పనికొచ్చింది. అమ్మాయి ముందు ఊపిరి వదిలి జీనులోకి బరువుగా కూర్చుంటుంది, ఆ తర్వాతే నేను "హో" అంటాను. కొన్నాళ్లకి నా మాట రాకముందే ట్రాట్‌లో డెక్కల రెండు దెబ్బల టకటక విడిపోయి నాలుగు దెబ్బల నడకగా మారడం వినిపించింది. పోయిన ఆదివారం అవతలివైపు ఎవరో "ట్రాట్" అంటే చందూ ఒక చెవి అటు తిప్పి, నడుస్తూనే ఉన్నాడు. కుడివైపు క్యాంటర్‌కి మాత్రం ఇప్పటికీ నా గొంతు కావాలి.