అమ్మానాన్నలతో ఇంకాల పవిత్ర లోయ: ప్రైవేటు గైడ్‌ని పెట్టుకున్న ఒక రోజు

అమ్మానాన్నల్ని పెరూ తీసుకెళ్లొచ్చా, అంత ఎత్తులో వాళ్లు తట్టుకుంటారా, గైడ్‌ని విడిగా మాట్లాడుకోవడం డబ్బు దండగ కదా అని తెలిసినవాళ్లు చాలామంది అడుగుతున్నారు, అందుకే వివరంగా రాస్తున్నా. ముందే చెప్పేస్తాను, ఈ టూర్ మాకు చాలా నచ్చింది, పెట్టిన డబ్బుకి న్యాయం జరిగింది. కారు విషయంలో మాత్రం ఏజెన్సీ మీద బాగా కోపం వచ్చింది, అదీ రాస్తాను.

వెళ్లింది నలుగురం: నేను, మా ఆయన, అమ్మ, నాన్న. అమ్మకి 66 ఏళ్లు, రెండు మోకాళ్లూ నొప్పే. నాన్న నాగార్జునసాగర్ కుడి కాలువ మీద వర్క్ ఇన్‌స్పెక్టర్‌గా చేసి రిటైర్ అయ్యారు. డాలస్‌లో మా ఇంటికి వచ్చి ఆరు వారాలైంది, మాల్స్ అన్నీ తిప్పేశాం, ఆయనకి ఏదీ పట్టలేదు. పెరూ అనగానే మాత్రం, "రాళ్లు సున్నం లేకుండా పేర్చారంట కదా, చూద్దాం పద" అన్నారు. వీసా గురించి ఒక్క మాట: ఇండియన్ పాస్‌పోర్ట్ ఉన్నవాళ్లకి కనీసం 6 నెలల గడువున్న అమెరికా వీసా ఉంటే పెరూకి టూరిస్టుగా విడిగా వీసా అక్కర్లేదు, మా నలుగురికీ అలాగే అయిపోయింది.

ఎత్తు సంగతి తేలిగ్గా తీసుకోవద్దు. స్పెయిన్‌వాళ్లు రాకముందు పెరూని ఏలిన ఇంకాల రాజధాని కుస్కో, ఈ లోయకి వెళ్లాలంటే విమానం దిగేది అక్కడే, అది దాదాపు 3,400 మీటర్ల ఎత్తులో ఉంటుంది. విమానం దిగి అక్కడే పడుకుంటే చాలామందికి తలనొప్పి, వికారం, నిద్ర పట్టకపోవడం. మేం దిగిన వెంటనే కారులో కిందికి, ఉరుబాంబా ఊరికి వెళ్లిపోయాం, అది 2,900 మీటర్లకి కాస్త తక్కువ. రెండు రాత్రులు అక్కడే ఉండి మూడో రోజు పొద్దున్న టూర్ మొదలుపెట్టాం. అమ్మకి ఒక్కపూట తల బరువుగా ఉంది, అంతే. కోకా ఆకు టీ అన్ని హోటళ్లలోనూ ఇస్తారు, అక్కడ తాగండి, అమెరికాకి మాత్రం ఒక్క పొట్లం కూడా తేవద్దు, ఆ ఆకులు ఇక్కడ చట్టవిరుద్ధం.

ఖర్చు చెప్తాను. కారు, డ్రైవరు, గైడ్ కలిపి మా నలుగురికీ 240 డాలర్లు. టిక్కెట్లు వేరే. లోయలో ఇంకాల కట్టడాలున్న పీసాక్, మొరాయ్, ఒయ్యాన్‌తైతాంబో, చించెరో నాలుగింటికీ కలిపి ఒక టిక్కెట్ ఉంది, మేం వెళ్లినప్పుడు మనిషికి 70 సోల్‌లు (సోల్ అంటే పెరూ డబ్బు), రెండు రోజులు చెల్లుతుంది. కుస్కో చుట్టుపక్కలవి కూడా చూసేవాళ్లకి 16 చోట్లకి పనికొచ్చే పెద్ద టిక్కెట్ అప్పుడు 130 సోల్‌లు, పది రోజులు. కౌంటర్‌లో మా కార్డు తీసుకోలేదు, క్యాష్ అడిగారు, నోట్లు దగ్గర పెట్టుకోండి.

ఇక కోపం వచ్చిన సంగతి. అమ్మ మోకాళ్ల గురించి బుకింగ్‌లోనే రాశాను, తలుపు పక్కకి జరిగే పెద్ద వ్యాన్ పంపుతామని వాళ్లే రాసిచ్చారు. పొద్దున్న 7 గంటలకి వచ్చింది చిన్న కారు. వెనక మూడో వరసలో మా ఆయన మోకాళ్లు గడ్డానికి ఆనించుకుని కూర్చున్నారు, అమ్మ ఎక్కిన ప్రతిసారీ, దిగిన ప్రతిసారీ ఇద్దరం పట్టుకోవాల్సి వచ్చింది. ఫోన్ చేస్తే వ్యాన్ రిపేరన్నారు. ముందు రోజు రాత్రి ఒక మెసేజ్ పెడితే ఏం పోయింది? తర్వాత గట్టిగా రాస్తే 30 డాలర్లు వెనక్కిచ్చారు. వయసువాళ్లతో వెళ్లేవాళ్లు బండి ఫొటో పంపమని ముందే అడగండి.

గైడ్ తప్పు ఇందులో ఏమీ లేదు, పైగా ఆ రోజుని నిలబెట్టింది ఆయనే. నలభై ఏళ్లుంటాయి, లోయలోనే ఒక పల్లెలో పుట్టిన మనిషి, ఇంట్లో ఇంకాల భాష కెచువా మాట్లాడతారు, స్పానిష్ బళ్లో నేర్చుకున్నారట, ఇంగ్లీషు ఆ తర్వాత. అమ్మని మొదటి నిమిషం నుంచీ 'మమీతా' (స్పానిష్‌లో ముద్దుగా అమ్మా) అని పిలిచారు, అమ్మ ఆయన్ని 'బాబూ' అంది, సాయంత్రం దాకా ఇద్దరికీ మధ్యలో నేను అనువాదం చేయకుండానే సగం పనులు జరిగిపోయాయి. ఏజెన్సీ కాగితంలో పీసాక్, వెండి నగల షాపు, చించెరో, మొరాయ్, మారాస్ ఉప్పు మళ్లు, ఒయ్యాన్‌తైతాంబో అన్నీ ఒకే రోజులో ఉన్నాయి. ఆయన ఆ కాగితం చూసి, ఇన్ని చూస్తే కారు కిటికీనే ఎక్కువ చూస్తారు, ఏవి వదిలేద్దామో మీరే చెప్పండి అన్నారు. షాపు, చించెరో వెంటనే కొట్టేశాం. మారాస్‌ని రోడ్డు మీంచి చూస్తే చాలనుకున్నాం.

పీసాక్ పైగేటు దగ్గరికి బస్సులకంటే ముందే చేరాం. కొండ చుట్టూ మెట్లు మెట్లుగా పొలాలు, ఒక్కో గట్టూ రాతి గోడ. ఎదురుగా నిట్టనిలువుగా ఉన్న కొండకి వందల చిల్లులు, అవి ఇంకాల సమాధులు, శవాల్ని మోకాళ్లు ముడిచి కూర్చోబెట్టి లోపల పెట్టేవాళ్లట, దొంగలు ఏనాడో తవ్వుకుపోయారు. అమ్మని గైడ్ చదునుగా ఉన్న చోటే ఒక రాతి మీద నీడలో కూర్చోబెట్టి, మా ఆయన్ని తోడు ఉంచి, మమ్మల్ని ముందుకి తీసుకెళ్లారు. నాన్న మాత్రం మొదటి గోడ దగ్గరే ఆగిపోయారు. గోడ నిటారుగా లేదు, కొండవైపుకి కాస్త వాలి ఉంది. లోపల ఏముందని అడిగారు. అడుగున పెద్ద రాళ్లు, పైన కంకర, దానిపైన ఇసుక, పైన మంచి మట్టి అని గైడ్ నేల మీద పుల్లతో గీసి చూపించారు. వాన నీళ్లు ఇంకి మెల్లగా కింది మెట్టుకి దిగుతాయి, గోడ మీద నీటి ఒత్తిడి పడదు. నాన్న ఆ బొమ్మ చూసి, "మేం కాలువ గట్టు రాతి రివిట్‌మెంట్ వెనక పోసేది ఇదే, ఇదే వరస" అని నా చెయ్యి పట్టుకుని చెప్పారు. అరగంట అక్కడే నిలబడ్డాం. ఈలోగా ఒక బస్సు గుంపు వచ్చింది, జెండా పట్టుకున్న గైడ్ నలభై నిమిషాల్లో బస్సు దగ్గరుండాలని కేకేశాడు, వాళ్లు ఫొటోలు తీసుకుంటూ మమ్మల్ని దాటిపోయారు. ఆ గుంపులో ఉంటే నాన్నకి ఆ గోడ దొరికేది కాదు. ప్రైవేటు టూర్‌కి ఎక్కువ పెట్టేది ఈ అరగంట కోసమే.

కారులో భాషల మాట వచ్చింది. మీది హిందీనా అని గైడ్ అడిగితే కాదు, తెలుగని చెప్పి, తెలుగులో ఒక మాటకి వెనక ఒక్కొక్కటి తగిలించుకుంటూ పోతామని నేను ఏదో ఉదాహరణ చెప్పాను. ఆయన వెంటనే, వాసి అంటే ఇల్లు, వాసికునా అంటే ఇళ్లు, వాసికునాపి అంటే ఇళ్లలో అన్నారు. అచ్చం మనలాగే! క్రియ కూడా వాక్యం చివరే వస్తుందట. తర్వాత ఆయన అన్న మాటకి మేమందరం ఒకేసారి కేక పెట్టాం. కెచువాలో ఇంగ్లీషు 'వి' (we) అనే మాటకి రెండు మాటలున్నాయి: ఎదుటివాళ్లని కలుపుకుంటే న్యొఖాంచిస్, వదిలేస్తే న్యొఖాయ్‌కు. అంటే మనం, మేము! ఇంగ్లీషు మాట్లాడేవాళ్లకి ఇది అర్థమయ్యేలా చెప్పడానికి ఆయన ఏళ్లుగా తంటాలు పడుతున్నారట, మాకు అర సెకను కూడా పట్టలేదు. అక్కడి నుంచి ఆయన ఇంగ్లీషులో 'వి' అన్నప్పుడల్లా నాన్న, "మనమా, మేమా, అడుగమ్మా" అనేవారు.

భోజనం ఉరుబాంబాలో. శాకాహారులమని గైడ్ పొద్దున్నే ఫోన్ చేసి చెప్పారు. కీన్వా సూపు, మాంసం నీళ్లు కలపకుండా. బొటనవేలి గోరంత గింజలున్న మొక్కజొన్న, పక్కన జున్నులాంటి చీజ్. అన్నం పెరూలో ఎక్కడైనా దొరుకుతుంది, ఆ బెంగ వద్దు. సూపులో చికెన్ నీళ్లున్నాయేమో మాత్రం ప్రతిచోటా అడగాలి. రొకోతో అనే మిరపకాయ పచ్చడి అమ్మకి బాగా నచ్చింది. మిరప, వేరుశనగ, బంగాళాదుంప మనకి అమెరికా ఖండాల నుంచే వచ్చాయంటే అమ్మ చాలాసేపు నమ్మలేదు.

మొరాయ్ గురించి ఎక్కువ రాయను, పైనుంచి చూడాల్సిన చోటు అది. నేలలో గుండ్రటి పెద్ద గుంట, దాదాపు 30 మీటర్ల లోతు, వలయాలుగా మెట్లు. పైమెట్టుకీ అడుగుకీ వేడిలో తేడా ఉంటుంది కాబట్టి ఏ పంట ఎక్కడ పండుతుందో ఇంకాలు ఇక్కడ పరీక్షించి చూసేవాళ్లని ఒక వాదన. ఇది వాదనే, రుజువు లేదు అని గైడ్ తనే చెప్పారు, ఆయన మీద నాకు నమ్మకం కుదిరింది అక్కడే. తెలిసింది తెలిసినట్టు, తెలియనిది తెలియదని చెప్పే గైడ్‌లు తక్కువ. 2009–10 వానలకి కొన్ని మెట్లు దెబ్బతిని కూలితే మళ్లీ నిలబెట్టారట. గాలికి టోపీలు ఎగిరిపోతాయి, జాగ్రత్త.

చివరగా ఒయ్యాన్‌తైతాంబో. కొండ మీద సూర్యాలయానికి 200కు పైగా మెట్లు. అమ్మ ఎక్కలేదు, ఎక్కాల్సిన పనీ లేదు, కిందనే రాతిలో చెక్కిన నీటిధార ఉంది, రాకుమారి స్నానఘట్టం అంటారు, ఈరోజుకీ నీళ్లు పడుతున్నాయి, ఆవిడ అక్కడే గంట కూర్చుంది. పైన గులాబీ రంగు రాళ్లు ఆరు, మనిషికి రెండింతల ఎత్తు, మధ్యలో సన్నటి రాతి పట్టీలు. ఈ రాళ్లు ఎదురు కొండ మీది క్వారీ నుంచి వచ్చాయి, మధ్యలో ఉరుబాంబా నది. చక్రాల బండి లేదు, ఎద్దులు లేవు, మనుషులే తాళ్లతో లాగారు. దారిలో ఆగిపోయిన రాళ్లు ఇప్పటికీ పడి ఉన్నాయి, వాటిని అక్కడివాళ్లు అలసిపోయిన రాళ్లంటారు. కిందికొచ్చి అమ్మకి ఆ మాట చెప్తే "పాపం" అంది.

పైనుంచి మైదానం చూపిస్తూ గైడ్ 1537 నాటి యుద్ధం చెప్పారు. స్పెయిన్‌వాళ్ల మీద తిరగబడ్డ ఇంకాల రాజు మాంకో అప్పుడు ఈ కొండ మీద ఉన్నాడు. స్పెయిన్ సేనాని హెర్నాండో పిసారో గుర్రాలతో వచ్చాడు. పైనుంచి బాణాలు, రాళ్లు, ఆపైన కాలువల్లోంచి నీళ్లు వదిలి మైదానాన్ని నింపేశారు, బురదలో గుర్రాలు కదల్లేకపోయాయి, పిసారో వెనక్కి పోయాడు. "మేం నీళ్లు వదిలాం" అన్నారు గైడ్. ఇంగ్లీషులోనే అన్నారు, నాన్న అడిగితే న్యొఖాయ్‌కు అని చెప్పారు. నాన్న చాలాసేపు ఆ పొలాల వైపు చూస్తూ ఉండిపోయారు. ముప్పై ఏళ్లు తూములెత్తి దించిన మనిషి, ఎన్ని ఎకరాలకి ఎంత నీరు ఎంతసేపట్లో ఎక్కుతుందో ఆయన కంటితో లెక్క కడతారు. ఆ రోజు ఆ లెక్క కడుతున్నారని నాకు తెలిసింది, నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. మాంకో తర్వాత విల్కాబాంబా అడవుల వైపు వెళ్లిపోయాడని, అక్కడి రాజ్యం 1572 దాకా నిలిచిందని కూడా గైడ్ చెప్పారు.

ఊళ్లోకి దిగాక సందుల పక్కన రాతి కాలువల్లో నీళ్లు గలగలా పారుతున్నాయి, ఇంకాల నాటి వీధులే అవి, జనం వాటిలోనే కాపురాలున్నారు. పూడిక ఎవరు తీస్తారని నాన్న అడిగారు. ఈ లోయ పల్లెల్లో ఏటా ఒకరోజు ఇంటికో మనిషి పార పట్టుకుని కాలువలు బాగుచేస్తారని, పాటలు, మొక్కజొన్న కల్లు అన్నీ ఉంటాయని గైడ్ చెప్పారు. "వచ్చే ఏడు రండి, మనం తీద్దాం" అన్నారు, ఈసారి న్యొఖాంచిస్ అని తనే ముందు చెప్పి. నాన్న ఆయన భుజం తట్టి తెలుగులో "వస్తాను నాయనా" అన్నారు.

మాకు ఆ రాత్రి ఒయ్యాన్‌తైతాంబోలోనే హోటల్, మాచు పిచ్చు రైలు అక్కడి నుంచే, కాబట్టి వెనక్కి తిరిగే పని లేకుండా పోయింది, మీరూ ఇలాగే ప్లాన్ చేసుకోండి. గైడ్‌కి 100 సోల్‌లు, డ్రైవర్‌కి 50 టిప్ ఇచ్చాం. నా మార్కులు గైడ్‌కి 5కి 5, ఏజెన్సీకి 3. బుక్ చేసేటప్పుడు ఇంగ్లీషు బాగా వచ్చిన గైడ్ కావాలని అడిగేవాళ్లే ఎక్కువ, మీరు కెచువా ఇంట్లో మాట్లాడే గైడ్ కావాలని అడగండి. చించెరో, మారాస్‌లకి మేం మళ్లీ వెళ్లినప్పుడు ఇంకో రోజు విడిగా పెట్టుకుంటాం, కాలువలు తీసే రోజు ఎప్పుడో కనుక్కోమని నాన్న ఇప్పటికే రెండుసార్లు అడిగారు.